తడి కాగితానికి పరీక్ష

ఆథల్ వైనీ తన అక్కకు కిడ్నీ ఇస్తాడన్న కబురు బర్నీ అనే ఆ రేవు ఊళ్లో అందరికంటే ముందు రొట్టెల దుకాణానికి తెలిసింది. ఆల్చిప్ప మాంసం కూరి కాల్చిన స్కాలప్ 'పై' ఒకటి పొట్లం కట్టించుకుంటూ, ఇవాళ వాన తగ్గేలా లేదు అన్న గొంతుతోనే, "లిండల్‌కి నాదొకటి ఇచ్చేద్దామనుకుంటున్నా" అన్నాడు. దుకాణం నడిపే రోవీనా చేతిలో పట్టకారు గాలిలోనే ఆగిపోయింది. మధ్యాహ్నానికల్లా ఆ మాట కొండెక్కి దిగి, ఆసుపత్రిలో డయాలసిస్ కుర్చీలో వాలి ఉన్న లిండల్ చెవిన పడింది.

"ఏడాదిన్నర పట్టింది వాడికి," అందామె నర్సుతో. "అదీ నాతో అనలేదు. పై కొంటూ అన్నాడు."

అలా అన్నదే గాని, ఆ పూట యంత్రం రొద ఆమెకు అంత విసుగనిపించలేదు. వారానికి మూడు రోజులు తన రక్తం బయటికెళ్లి కడిగించుకుని తిరిగొచ్చేదాకా ఆ కుర్చీలోనే ఉండాలి. ఆమెకు అరవై ఆరేళ్లు. చక్కెర జబ్బు పాతది, గుండె కూడా అంతంత మాత్రం. పోయినవాళ్ల కిడ్నీల కోసం పేరు రాయించుకున్నవాళ్ల వరస పొడుగు. తన వంతు వచ్చేసరికి ఆపరేషన్‌కి తట్టుకునే ఒళ్లు మిగలకపోవచ్చని డాక్టర్లు దాచకుండానే చెప్పారు. బతికున్నవాళ్లెవరైనా ఇస్తే దారి ఉంది. భర్త పోయాడు, పిల్లలు లేరు. మిగిలింది తమ్ముడొక్కడే. రక్తం కలిసింది.

ఆమె అడగలేదు. అక్క అడిగితే ఇద్దామని ఆథల్ చూశాడు. తమ్ముడే అంటాడేమోనని లిండల్ చూసింది. ఆ ఇంట్లో ఎవరూ ఎవరినీ ఏదీ తిన్నగా అడిగి ఎరగరు.

ఆథల్ బతుకంతా ఊళ్లోని కాగితం మిల్లులో, పరీక్షల గదిలో గడిచింది. కాగితం పైకి పొడిగా కనబడుతుంది గాని గాలిలోని తేమను మంచినీళ్లలా తాగే సరుకు. యంత్రం మీంచి దిగిన వెంటనే పరీక్షిస్తే ఒక అంకె వస్తుంది, సముద్రగాలికి మెత్తబడ్డాక పరీక్షిస్తే ఇంకొకటి వస్తుంది. రెండూ అబద్ధాలే. అందుకని ప్రతి కాగితం తావునూ ముందు ఒక గదిలో వేలాడదీసేవాళ్లు. అక్కడ ఎండాకాలమైనా చలికాలమైనా ఒకటే వేడి, ఒకటే తేమ. రాత్రంతా అక్కడుండి పొద్దున బయటికొచ్చిన తావునే చింపి, పిగిలేదాకా నొక్కి, బలమెంతో తేల్చేవాళ్లు. రాత్రి బస చేసి పొద్దున్నే వెళ్లిపోయే చోటు కాబట్టి మిల్లువాళ్లు ఆ గదిని సత్రం అనేవాళ్లు.

సత్రంలో పడుకోని తావును ఆథల్ ముట్టేవాడు కాదు. రేవులో ఓడ ఆగి ఉన్నా అంతే, యంత్రం మేస్త్రీ గడ్డం పట్టుకుని బతిమాలినా అంతే. "తడి కాగితానికి పరీక్షేమిటయ్యా, జ్వరపోడికి పరుగు పందెం పెట్టినట్టు" అనేవాడు. సరుకు ఆలస్యమైనప్పుడల్లా కొనేవాళ్ల తిట్లు మాత్రం అదే మిల్లులో ఆర్డర్ల బల్ల దగ్గర ఫోనెత్తే లిండల్ తినేది. తమ్ముడిది నిక్కచ్చి మనిషన్న పేరు. ఆ పేరు నిలబెట్టడానికి మాటలు పడ్డది ఆమె.

తర్వాత మిల్లు మూతపడింది. సత్రం ఉన్నచోట ఇప్పుడు మేకులూ రంగుడబ్బాలూ అమ్మే పెద్ద దుకాణం ఉంది. ఆథల్‌కి చేతులు ఖాళీ అయ్యాయి. ఇంచుమించు అప్పుడే అతను చదివే పత్రిక కూడా ఊరివాడొకడు కూర్చే గళ్ల నుడికట్టును ఆపేసి, ఎక్కడో తయారయ్యేదాన్ని కొనుక్కోవడం మొదలుపెట్టింది. అందులో ఏ ఊరి వాసనా ఉండేది కాదు. రెండు వారాలు గొణిగి, మూడోవారం ఆథల్ తనే గళ్లు గీసుకోవడం మొదలెట్టాడు.

అక్కడివాళ్లకి నుడికట్టంటే నిఘంటువు తిరగేసే ఆట కాదు. ఒక్కొక్క ఆధారం పైకొక చిన్న కథ చెబుతుంది. వానలో తడిసిన పాదిరీ, కట్టు తెంపుకున్న గుర్రం, ఏదో ఒకటి. లోపల అది చేసే పని వేరు. పైకథను నమ్మినవాడు ఆ గడి దగ్గరే తెల్లారబెడతాడు. నమ్మనివాడు అటు తిప్పి, ఇటు తిప్పి, వదిలేసి, గిన్నెలు కడుక్కుంటూ ఉంటాడు. ఉన్నట్టుండి కథ తొక్కలా ఊడిపోయి మాట బయటపడుతుంది. తుప్పు పట్టిన తాళం చేతిలో టక్కున తెరుచుకున్నట్టుంటుంది. ఒంటరిగా వంటింట్లో నిలబడి నవ్వుకునే అవకాశం పెద్దవయసులో ఇంకెక్కడా దొరకదని ఆథల్ అనేవాడు.

సొంతంగా కూర్చి సొంతంగా పంచడంలో ఇంకో సుఖం ఉంది. సిడ్నీలో వాళ్లకి ఇది అర్థం కాదు అని కొట్టిపారేసే ఎడిటర్ ఉండడు. రేవులోని చెక్కపేళ్ల గుట్ట, చీకటి పడ్డాక గూళ్లకు చేరే పెంగ్విన్లు, ఫుట్‌బాల్ కోచ్ బట్టతల, మూలపడిన మిల్లు యంత్రాల ముద్దుపేర్లు, అన్నీ గళ్లలోకి ఎక్కాయి. డెకిల్ అన్నది ఆథల్ కలం పేరు. మిల్లుభాషలో అది కాగితం గరుకు అంచు. పదిహేను రోజులకొకటి తయారుచేసి కొందరికి మెయిల్లో పంపేవాడు. కొన్ని ప్రతులు గ్రంథాలయంలో, చేపలు వేయించి అమ్మే కొట్లో పెట్టేవాడు. న్యూజిలాండ్‌లో ఓమరూ అనే ఊరి నుంచి తనలాగే సొంతంగా నుడికట్లు కూర్చే ఒకావిడ తనవి పంపేది, ఇతనివి పుచ్చుకునేది. మొహాలు చూసుకోకుండానే ఒకరి తెలివిని ఒకరు తిట్టుకునేంత స్నేహం కుదిరింది.

ఈ సొంత నుడికట్లవాళ్లకి ఒక కట్టుబాటు ఉంది. కూర్చినవాడు తనంతట తానే బాగుందనుకుని వదిలెయ్యకూడదు. జవాబులు తెలియని మనిషొకరు ముందుగా పూరించి తప్పులు పట్టాలి. పట్టినవాళ్ల పేరు గళ్ల అడుగున చిన్న అక్షరాల్లో వెయ్యాలి. డెకిల్ నుడికట్లన్నిటి అడుగునా ఉన్నది లిండల్ పేరే. ఆమె దగ్గర ఎర్ర పెన్సిల్ ఉండేది. "ఇది నీకు తప్ప ఎవడికీ తట్టదు" అని ఒకచోట రాసేది. "ఇక్కడ మోసం చేశావు" అని ఇంకోచోట. మెచ్చుకోలు మాత్రం ఒక్కటే మాట, "సరే". ఆ సరే కోసం ఆథల్ గడపలో నిలబడి ఎదురుచూసిన రోజులున్నాయి. డయాలసిస్ యంత్రం మీదికి చేరాక కూడా ఆమె పెన్సిల్ వదల్లేదు. ఎడమచేతికి సూదులు, కుడిచేత్తో గళ్లు.

ఇప్పుడు పరీక్ష ఆథల్ వంతైంది.

కిడ్నీ ఇచ్చేవాణ్ని తల నుంచి కాలిదాకా పరీక్షిస్తారు. గుండె బాగుంది, రక్తపోటు బాగుంది, కిడ్నీలు కుర్రాడివిలా ఉన్నాయన్నారు. పరగడుపున తీసిన చక్కెర మాత్రం గీత మీద కాస్త అటుగా నిలబడింది. మెల్‌బోర్న్ నుంచి తెర మీద మాట్లాడే డాక్టర్ మెల్‌డ్రమ్ అక్కడ ఆగింది. తల్లి చక్కెరతో పోయింది, అక్క కిడ్నీలు చక్కెరకే పోయాయి. అందుచేత ఇంకో పరీక్ష రాసింది. తీపినీళ్లు తాగించి, రెండు గంటలు కూర్చోబెట్టి, నడుమ నడుమ రక్తం తీసి, చక్కెరతోపాటు ఇన్సులిన్ కూడా చూస్తారు. ఎందుకో ఆవిడ విడమరిచి చెప్పింది. ఇన్సులిన్ అనేది చక్కెరను వెంటబెట్టుకుని ఒంట్లో ఇంటింటి తలుపూ తట్టే మనిషి. కొందరి ఒంట్లో తలుపులు బిగుసుకుపోతాయి. అప్పుడు ఒళ్లు ఇంకా ఎక్కువమందిని తట్టడానికి పంపుతుంది. చక్కెర ఒక్కటే చూస్తే అంతా బాగున్నట్టే ఉంటుంది. గుమ్మం ముందు ఎంతమంది నిలబడ్డారో చూస్తేనే అసలు సంగతి తేలుతుంది.

ఆథల్‌కి ఇది తలవంపుగా తోచింది. ఆ ఇంట్లో సన్నగా ఉన్నది తనొక్కడే. కొండ మీది ఇంటికి రోజూ నడిచే ఎక్కుతాడు. లిండల్ చేతిలో కేకు ముక్క కనబడితే, "తిను తిను, అమ్మ పిలుస్తోంది" అని ఎకసెక్కమాడిన నోరది. అంచు మీద గట్టెక్కితే చాలదనుకున్నాడు. ఎవరూ వేలెత్తి చూపలేనంత బాగా రావాలి.

పరీక్షకు ముందు ఏం చెయ్యాలో ఒక కాగితం ఇచ్చారు. మూడు రోజులు మామూలుగా తినండి, రొట్టె, బంగాళాదుంప తగ్గించకండి, ఆఖరి రాత్రి మాత్రం ఏమీ తినకుండా ఉండి పొద్దున్నే రండి అని ఉంది. ఇంతకన్నా తిన్నగా ఎవరూ చెప్పలేరు. అందుకే ఆథల్ దాన్ని నమ్మలేదు. చక్కెర పరీక్షకు ముందు పిండి తినమనడమేమిటి? ఇది తిండి ఆపుకోలేని మందకు రాసిన పైమాట, లోపల సంగతి వేరే ఉంటుంది అనుకున్నాడు. ఏళ్లతరబడి పైకథను నమ్మకుండా బతికిన బుర్ర అది. పది రోజులు రొట్టె మానేశాడు. గుడ్లు, గొర్రెమాంసం, కాబేజీ. నడుముపట్టీ ఒక కన్నం లోపలికి జరిగింది. మనసు తేలికైంది. ఆ రోజుల్లోనే కూర్చిన నుడికట్టుకు లిండల్ ఒక్క ఎర్రగీతా గీయకుండా "సరే" అంది.

రోజులతరబడి పిండిపదార్థం చూడని ఒళ్లు దాన్ని అరాయించుకునే పని మరిచిపోతుంది. ఒక్కసారిగా అంత తీపి మీద పడితే, పొయ్యారిపోయిన ఇంటికి పెళ్లివారు దిగినట్టే. ఆ సంగతి ఆథల్‌కి తెలియదు.

రక్తం తీసే గదిలో షోనా ఉంది. ఆథల్‌తో మిల్లులో పనిచేసిన యంత్రం మేస్త్రీ కూతురు. సూది గుచ్చకముందు అడగాల్సినవి అడిగింది.

"మూడు రోజులూ రొట్టె తిన్నావా బాబాయ్?"

"తిన్నా."

"కదలకుండా కూర్చో మరి. నీ కాళ్లు ఊరుకోవని మా నాన్న చెబుతుండేవాడు."

తీపినీళ్లు నిమ్మకాయ వాసనతో గొంతుకు అంటుకున్నాయి. ఓమరూ ఆవిడ పంపిన నుడికట్టు తీశాడు. ఆ రెండు గంటలూ అతని బతుకులో మంచి గంటల్లో లెక్క. పక్కన ఒకడు గోడ చూస్తున్నాడు, ఒక గర్భిణి కళ్లు మూసుకుని వాంతి ఆపుకుంటోంది. ఆథల్ మాత్రం ఒక ఆధారం దగ్గర చిక్కి, విడిపించుకుని, గట్టిగా నవ్వాడు. షోనా తలెత్తి చూసి, ఇక్కడ నవ్వినవాణ్ని ఇదే మొదటిసారి చూడ్డం అంది.

ఫలితం వచ్చింది. రెండు గంటల తర్వాతి చక్కెర జబ్బున్నవాళ్ల లెక్కలో పడింది. డాక్టర్ మెల్‌డ్రమ్ తెర మీద కళ్లద్దాలు సర్దుకుని, కాగితంలో చెప్పినట్టే తిన్నారు కదా అని మళ్లీ అడిగింది. లేదని చెబితే పరీక్షను దొంగదారిన నెగ్గబోయానని ఒప్పుకున్నట్టు. ఆథల్ తిన్నానన్నాడు. అయితే మీ కిడ్నీ తీసుకోలేం అందావిడ.

ఆ సాయంత్రం లిండల్‌కి ఫోన్ చేశాడు.

"అమ్మకొచ్చింది, నాకొచ్చింది," అందామె. "నీకెందుకు రాకూడదురా. పోనీలే. ఇస్తానన్నావు. నాకది చాలు."

అక్క అంత మెత్తగా మాట్లాడటం ఆథల్ చిన్నప్పటి నుంచీ వినలేదు. ఆ మాటను పుచ్చుకుని ఫోన్ పెట్టేశాడు. పుచ్చుకోకుండా ఉండాల్సింది.

నెల తిరక్కుండానే రోవీనా నోరు జారింది. జారిందనడమూ తప్పే, ఆమె మెచ్చుకోడానికే చెప్పింది. పాపం మీ తమ్ముడు ఆ పరీక్ష కోసం పది రోజులు మా గుమ్మం తొక్కలేదు, రొట్టెముక్క ముట్టలేదట, అయ్యాక వచ్చి నిలబడి రెండు పైలు తిన్నాడు, అంత కడుపు కట్టుకున్నా కలిసిరాలేదు చూశావా అంది. లిండల్ చేతిలో తన రొట్టె ఉంది. అదే పరీక్ష ఆమె ఇరవై ఏళ్ల కిందట చేయించుకుంది. అదే కాగితం చదివింది. రొట్టె అక్కడే బల్ల మీద వదిలేసి కారెక్కింది.

ఆథల్ వంటింట్లో గళ్లు గీస్తున్నాడు. ఆమె కోటు విప్పలేదు, కూర్చోలేదు.

"పరీక్షకు ముందు రొట్టె తిన్నావా?"

అబద్ధమాడొచ్చు. కాని రోవీనా దుకాణం రసీదు ఒకటి అక్క కోటు జేబులోంచి తొంగిచూస్తోంది.

"లేదు."

"కాగితంలో ఏముంది?"

"తినమని."

"మరి?"

"గట్టిగా గట్టెక్కాలనుకున్నా అక్కా. అంచు మీద కాదు. వాళ్లు మళ్లీ మాట్లాడకూడదని."

లిండల్ నవ్వింది. ఆ నవ్వులో తడి లేదు.

"సత్రంలో పడుకోని తావును నువ్వెప్పుడైనా పరీక్షించావట్రా?"

ఆథల్ చేతిలో పెన్సిల్ ఆగింది. ఆ క్షణం దాకా, నిజంగానే, ఆ రెంటినీ పక్కపక్కన పెట్టి చూడలేదు. మూడు రోజుల రొట్టె అంటే సత్రంలో రాత్రి బస. మనిషిని ఒక మట్టానికి తెచ్చాకే పరీక్ష. ఊళ్లో ఇంకెవడికి తట్టకపోయినా తనకు తట్టి ఉండాల్సింది.

"షోనా వాళ్ల నాన్న నీ ముందు కళ్లనీళ్లు పెట్టుకున్నాడు," అంది లిండల్. "ఓడ వెళ్లిపోయింది. ఆ రోజు ఫోన్లో నన్నెన్ని మాటలన్నారో నాకు గుర్తే. అయినా తడి కాగితం ముట్టనంటే ముట్టనన్నావు. నా దగ్గరికొచ్చేసరికి పోయి తడి కాగితం ఇచ్చొచ్చావు."

"తట్టలేదక్కా."

"నీకా?"

"ఒట్టు. తట్టలేదు."

"ఇవ్వలేనంటే ఇవ్వలేననాలి. నేను నిన్ను అడిగానా? పైకొక కథ పెట్టి లోపల ఇంకోటి దాచడం నీకు కొత్తా? ఇన్నేళ్లూ నీ ఆధారాలన్నీ విప్పింది నేను. ఇదీ విప్పాను."

తెలివైనవాణ్నని ఊరంతా నమ్మేలా బతికినవాడు, ఒక్కసారి తెలివితక్కువ పని చేశానంటే సాక్ష్యం ఎక్కడ తేగలడు? ఆమె వెళ్లిపోయాక కారు కొండ దిగే చప్పుడు చాలాసేపు వినబడింది.

మర్నాడు డాక్టర్ మెల్‌డ్రమ్‌కి ఫోన్ చేసి ఉన్నదంతా చెప్పాడు. ఆవిడకు కోపం రాలేదు. అలసట వచ్చినట్టుంది.

"ఆ కాగితం అంత తేలికగా ఎందుకు రాశామనుకున్నారు మీరు?"

"తేలికగా ఉందనే నమ్మలేదండీ," అన్నాడు ఆథల్.

మూడు నెలలు మామూలుగా తిని మళ్లీ రమ్మంది. ఆ మూడు నెలలూ ఆథల్ రోజూ రోవీనా దుకాణానికి వెళ్లాడు. అవసరమున్నా లేకున్నా రొట్టె కొన్నాడు, అందరికీ కనబడేలా చంకలో పెట్టుకుని నడిచాడు. పై ఒకటి అక్కడే నిలబడి తిన్నాడు. ఈ కబురు కూడా ముందటిలాగే కొండెక్కి దిగి చేరాల్సినచోటికి చేరుతుందని అతని ఆశ. చేరిందో లేదో తెలియదు. లిండల్ ఫోన్ ఎత్తడం మానేసింది.

రెండో పరీక్షకు షోనా అవే ప్రశ్నలడిగింది. రొట్టె తిన్నావా అన్నప్పుడు ఆథల్, "మీ నాన్న మీద ఒట్టు, తిన్నా" అన్నాడు. ఆమె నవ్వబోయి అతని మొహం చూసి మానుకుంది. ఓమరూ నుడికట్టు జేబులోనే ఉంది. తీశాడు గాని ఒక్క గడీ నిండలేదు. ఏ ఆధారం చదివినా పైకథ దగ్గరే ఆగిపోయాడు. పాదిరీ పాదిరీగానే కనబడ్డాడు, గుర్రం గుర్రంగానే ఉంది.

ఈసారి చక్కెర, జబ్బు గీత కిందికి దిగింది. అయినా మామూలు మనిషి గీతకు పైనే ఉంది. ఇన్సులిన్ మాత్రం ఉండాల్సినదానికి ఎన్నో రెట్లు ఉంది. మీ ఒళ్లు తట్టేవాళ్లను పెంచుకుంటూ పోయి ఇన్నాళ్లూ నెట్టుకొచ్చింది, సన్నగా ఉన్నవాళ్లకీ ఇది వస్తుంది, మున్ముందు మీకు రెండు కిడ్నీలూ కావాలి, ఒకటి తీస్తే మిమ్మల్ని కూడా యంత్రం దగ్గరికి మేమే పంపినట్టవుతుంది అంది డాక్టర్ మెల్‌డ్రమ్. మొదటిసారే కాగితంలో ఉన్నట్టు తిని వచ్చి ఉంటే ఏమయ్యేదని ఆథల్ అడిగాడు.

"ఇదే జవాబు వచ్చేది."

తన గురించి అంత చెడ్డమాట విని ఆథల్ ఊపిరి పీల్చుకున్నాడు. తను ఎలా చేసినా ఇవ్వలేకపోయేవాడే. అంటే పాడుచేసిందేమీ లేదు. ఆ మాట పట్టుకుని, ఫలితాల కాగితం మడిచి జేబులో పెట్టుకుని, కొత్త నుడికట్టు కూడా తీసుకుని డయాలసిస్ గదికి వెళ్లాడు. ఇంతకు ముందు ఆ గడప దాటి ఎక్కువసేపు నిలబడ్డవాడు కాదు. యంత్రాల గొట్టాల్లో ఎర్రగా పారేది చూస్తే అతనికి కళ్లు తిరుగుతాయి.

లిండల్ కిటికీ పక్క కుర్చీలో ఉంది. మునుపటికన్నా చిన్నదైపోయింది. చెయ్యి చాచి కాగితం తీసుకుని ఆసాంతం చదివింది. కుడిచేతిలో ఎర్ర పెన్సిల్ ఉండనే ఉంది.

"ఈసారి సత్రంలో పడుకున్నావా?"

"పడుకున్నా అక్కా. మూడు నెలలు."

"సరే."

ఆథల్ మొహంలోకి వెలుగొచ్చింది. ఆ మాట కోసం అలవాటుపడ్డ మొహం కదా. ఆమె అది చూసింది.

"పరీక్షకన్నాను సరే అని. నీకు కాదు."

"అది కాదక్కా. డాక్టరే అంది. మొదటిసారి సరిగా చేసినా ఇదే వచ్చేదట. నావల్ల పోయిందేమీ లేదు."

లిండల్ కాగితాన్ని మళ్లీ అదే మడతల్లో మడిచింది. ఎడమచెయ్యి కదలకూడదు కాబట్టి ఒంటిచేత్తో, నెమ్మదిగా.

"ఆ సంగతి అప్పుడు నీకు తెలియదు కదరా," అంది. "ఇవ్వగలవని నువ్వూ అనుకున్నావు, నేనూ అనుకున్నాను. ఆ రోజున నువ్వు చేసిందే నాకు లెక్క."

యంత్రం ఒకసారి కూసింది. నర్సు వచ్చి ఏదో బొత్తాం నొక్కి పోయింది. చేతిలోని కొత్త నుడికట్టును ఎక్కడ పెట్టాలో తెలియక అతను కుర్చీ పక్కనున్న బల్ల వైపు చూశాడు.

"అది పట్టుకెళ్లు," అంది లిండల్. "ఇంక నాకు తేకు."

పట్టుకెళ్లిపోయాడు.

షోనా తను పరీక్షించి పెడతానంది. ఓమరూ ఆవిడా అడిగింది. ఆథల్ ఎవరికీ ఇవ్వలేదు. ఇన్నేళ్లలో మొదటిసారి డెకిల్ నుడికట్టు అడుగున పేరు లేకుండా బయటికొచ్చింది. అందులో తప్పు దొర్లింది. నిలువు పద్నాలుగుకు గళ్లున్నాయి, సంఖ్య ఉంది, ఆధారమే లేదు. కూర్చినవాడు ఎన్నిసార్లు చూసుకున్నా కంటికి ఆనని తప్పు అది. కొత్త కన్నైతే మొదటి చూపులోనే పట్టేస్తుంది. మెయిళ్లు వచ్చి పడ్డాయి. డెకిల్ ముసలాడైపోయాడని కొందరు వేళాకోళమాడారు. చేపల కొట్టువాడు కొత్తరకం మెలికేమో అనుకుని రెండు రోజులు బుర్ర బద్దలుకొట్టుకున్నాడట.

డయాలసిస్ గదిలో నర్సు ఎప్పటిలాగే గ్రంథాలయం నుంచి ఒక ప్రతి తెచ్చి కిటికీ పక్క బల్ల మీద పెట్టింది. లిండల్ కాసేపు దాని వైపు చూడలేదు. తర్వాత ఎర్ర పెన్సిల్ తీసింది. ఆధారం లేని పద్నాలుగును అడ్డంగా వచ్చే అక్షరాలను బట్టి పూరించింది. గళ్లన్నీ నిండాయి. ఎక్కడా గీత గీయలేదు, పక్కన ఏమీ రాయలేదు. నిండిన కాగితాన్ని పక్క కుర్చీలో ఉన్నాయనకు అందించింది.

"అందులో ఏదో తప్పుందని ఊళ్లో చెప్పుకుంటున్నారు," అంది నర్సు సూదులు తీస్తూ. "మీరు చూడగానే పట్టేసి ఉంటారు. తమ్ముడికి చెప్పలేదా?"

"వాడు అడగలేదు," అంది లిండల్.